ఒకే ల్యాప్‌టాప్, నాలుగు అకౌంట్లు: మీట్, జూమ్ మీటింగ్‌లోకి సరైన పేరుతో వెళ్లడం ఎలా?

మా ఇంట్లో అందరికీ కలిపి ఉన్నది ఒకే ల్యాప్‌టాప్. అందులో నాలుగు గూగుల్ అకౌంట్లు నడుస్తాయి. నా ఆఫీసుది ఒకటి, సొంతది ఒకటి, పాపకు బడివాళ్లు ఇచ్చింది ఒకటి, అమ్మది ఒకటి. ఒకరోజు పాపకు ఆన్‌లైన్‌లో పరీక్ష. టీచర్‌గారు వాట్సాప్‌లో పంపిన లింకు నొక్కాను. మీట్ తెరుచుకుంది కానీ, "ఆస్క్ టు జాయిన్" అని వచ్చింది. నొక్కి కూర్చున్నాం. ఐదు నిమిషాలు, పది నిమిషాలు గడిచాయి. ఎవరూ లోపలికి రానివ్వలేదు. పాప కళ్లలో నీళ్లు, నాకు టెన్షన్. ఫోన్ చేసి మాట్లాడాక తెలిసింది, మేము తలుపు తట్టింది నా ఆఫీసు అకౌంట్‌తో అని. టీచర్‌గారికి తెరమీద కనిపించింది క్లాసు జాబితాలో లేని పేరు. అలాంటి పేరును ఆవిడ లోపలికి రానివ్వకపోవడమే సరైన పని.

ఆ రోజు నుంచి ఈ సంగతిని పట్టుకుని నేర్చుకున్నాను. ఆఫీసు అకౌంట్, క్లయింట్ ఇచ్చిన అకౌంట్, సొంత జీమెయిల్ మూడూ వాడే సాఫ్ట్‌వేర్ ఉద్యోగులకు, బడి అకౌంట్‌తో పాటు ట్యూషన్‌కు వేరే అకౌంట్ ఉన్న టీచర్లకు, పిల్లల క్లాసులు చూసుకునే అమ్మానాన్నలకు ఇది రోజూ ఎదురయ్యే ఇబ్బందే. ఎక్కువగా గూగుల్ మీట్ గురించి, తర్వాత జూమ్ గురించి, కొద్దిగా మైక్రోసాఫ్ట్ టీమ్స్ గురించి చెబుతాను.

తప్పు అకౌంట్ ఎందుకు తెరుచుకుంటుంది?

మీట్ లింకు చివర మూడు, నాలుగు, మూడు చొప్పున పది ఇంగ్లిష్ అక్షరాలు ఉంటాయి. అవి ఏ మీటింగో చెబుతాయి. వచ్చేది ఎవరో చెప్పవు. ఎవరన్నది మీ బ్రౌజర్ తేలుస్తుంది.

ఒకే బ్రౌజర్‌లో రెండు మూడు గూగుల్ అకౌంట్లతో లాగిన్ అయి ఉంటే, గూగుల్ వాటికి వరుస సంఖ్యలు ఇస్తుంది. మొదట లాగిన్ అయినది 0, తర్వాతది 1, ఆ తర్వాతది 2. లింకు నొక్కినప్పుడు మామూలుగా 0 నంబరు అకౌంటే ముందుకొస్తుంది. పొద్దున్నే ఆఫీసు మెయిల్‌తో ముందుగా లాగిన్ అయితే, సాయంత్రం పాప క్లాసు లింకు నొక్కినా ఆఫీసు పేరే వస్తుంది. మా ఇంట్లో జరిగింది ఇదే.

ఈ వరుసను మార్చాలంటే అడ్డదారి లేదు. ఆ బ్రౌజర్‌లోని గూగుల్ అకౌంట్లన్నిటి నుంచీ సైన్ అవుట్ అవ్వాలి. తర్వాత ఎక్కువగా వాడే అకౌంట్‌తో ముందు లాగిన్ అయి, మిగతావి ఒక్కొక్కటిగా జోడించాలి. మీటింగుల్లో తొంభై పాళ్లు ఒకే అకౌంట్‌తో నడిచేవాళ్లకు ఈ ఒక్క మార్పు చాలు.

లోపలికి వెళ్లే ముందు ఒక్క చూపు

మీట్ లింకు తెరవగానే నేరుగా మీటింగ్‌లో పడం. ముందు మన వీడియో, మైకు, కెమెరా బటన్లు కనిపించే తెర ఒకటి వస్తుంది. జుట్టు సర్దుకోవడానికి అందరం ఆ తెర చూస్తాం. దాని పైభాగంలో మీ మెయిల్ ఐడీ, దగ్గర్లోనే "స్విచ్ అకౌంట్" అన్న మాట ఉంటాయి. ముందు చూడాల్సింది అదే.

బటన్ మీది మాట కూడా గమనించండి. మిమ్మల్ని ఏ మెయిల్‌కు ఆహ్వానించారో అదే మెయిల్‌తో వస్తే సాధారణంగా "జాయిన్ నౌ" అని ఉంటుంది. "ఆస్క్ టు జాయిన్" అని ఉంటే, ఈ పేరును మీటింగ్ గుర్తుపట్టలేదన్నమాట. ఆహ్వానం అందిందని మీకు గట్టిగా తెలిసినా ఆ మాట కనిపిస్తుంటే, వేరే అకౌంట్‌తో వచ్చారేమో అని మొదట అనుమానించండి. బటన్ నొక్కేసి ఎదురుచూడకండి.

మార్చే పద్ధతి ఇది:

1. పైన మెయిల్ ఐడీ దగ్గర ఉన్న "స్విచ్ అకౌంట్" నొక్కండి.
2. మీ అకౌంట్ల జాబితా వస్తుంది. కావలసినది ఎంచుకోండి. జాబితాలో లేకపోతే వేరే అకౌంట్ వాడేందుకు ఉన్న ఎంపికతో లాగిన్ అవ్వండి.
3. అదే మీటింగ్ ముందటి తెర మళ్లీ వస్తుంది. మెయిల్ ఐడీ మారిందో లేదో చూసుకోండి.
4. మైకు, కెమెరా మరోసారి చూసుకుని జాయిన్ అవ్వండి. అకౌంట్ మారినప్పుడు పేజీ కొత్తగా తెరుచుకుంటుంది కాబట్టి, ఇందాక ఆపేసిన మైకు మళ్లీ ఆన్‌లో ఉండొచ్చు.

సంస్థ బయటివాళ్లెవరూ రాకుండా కొన్ని చోట్ల కట్టుదిట్టం చేస్తారు. అక్కడ సొంత జీమెయిల్‌తో వెళ్తే అడిగే అవకాశం కూడా ఉండదు, ఈ కాల్‌లో చేరలేరు అని మాత్రమే వస్తుంది. నెట్ పోయిందేమోనని రౌటర్ ఆపి వేయడం మొదలుపెట్టకండి. అకౌంట్ మార్చి చూడండి.

అకౌంట్ మార్చడం మానేయండి, ప్రొఫైళ్లు కట్టుకోండి

ఇప్పటిదాకా చెప్పింది అప్పటికప్పుడు గట్టెక్కే దారి. రోజూ రెండు అకౌంట్లు వాడేవాళ్లకు నేను గట్టిగా చెప్పేది ఒక్కటే. ఒకే బ్రౌజర్‌లో అకౌంట్లు మారుస్తూ కూర్చోవద్దు. ఒక్కో అకౌంట్‌కు ఒక్కో బ్రౌజర్ ప్రొఫైల్ పెట్టుకోండి. ఒకే ఇంట్లో ఎవరి గది వాళ్లకు ఉన్నట్టు, క్రోమ్‌లో ప్రతి ప్రొఫైల్‌కూ లాగిన్లు, బుక్‌మార్కులు, హిస్టరీ, దాచిన పాస్‌వర్డులు అన్నీ వేరుగా ఉంటాయి. ఆ గదిలో ఉన్నది ఒక్క అకౌంటే కాబట్టి 0 నంబరు, 1 నంబరు గొడవే రాదు.

క్రోమ్‌లో ఇలా చేయాలి:

1. కుడివైపు పైన, మూడు చుక్కల పక్కన గుండ్రటి బొమ్మ ఉంటుంది. దాన్ని నొక్కి, కొత్త ప్రొఫైల్ జోడించే ఎంపికను తీసుకోండి.
2. ఆ ప్రొఫైల్‌లో ఏ అకౌంట్ ఉండాలో దానితో లాగిన్ అవ్వండి. రెండో అకౌంట్ అందులో కలపకండి. ఈ నియమం తప్పితే మళ్లీ మొదటికొస్తుంది.
3. ప్రొఫైల్‌కు "ఆఫీసు", "పాప బడి", "అమ్మ" అని సూటిగా పేరు పెట్టండి.
4. ఒక్కో ప్రొఫైల్‌కు ఒక్కో రంగు ఎంచుకోండి. విండో పైభాగం ఆ రంగులోకి మారుతుంది. మా ఇంట్లో ఆఫీసుది నీలం, పాపది పసుపు, అమ్మది ఆకుపచ్చ. పాపకు ఎనిమిదేళ్లు. "నాన్నా, ఇది పసుపు కాదు" అని తనే చెబుతుంది ఇప్పుడు.
5. విండోస్‌లో అయితే ప్రొఫైల్ సెట్టింగులలో డెస్క్‌టాప్ షార్ట్‌కట్ ఎంపికను ఆన్ చేయండి. డెస్క్‌టాప్ మీద ఒక్కో ప్రొఫైల్‌కు విడి ఐకాన్ వస్తుంది. కంప్యూటర్ అంతగా అలవాటు లేని పెద్దవాళ్లకు ఇది చాలా సాయం. అమ్మకు నేను చెప్పింది ఒక్కటే, "నీ ఫొటో ఉన్న ఐకాన్ నొక్కు".

మైక్రోసాఫ్ట్ ఎడ్జ్‌లోనూ ఇవే ప్రొఫైళ్లు ఉన్నాయి. యాపిల్ మ్యాక్ వాడేవాళ్లకు 2023లో వచ్చిన మ్యాక్‌ఓఎస్ సొనోమా వెర్షన్ నుంచి సఫారీలో కూడా ప్రొఫైళ్లు వచ్చాయి. ఫైర్‌ఫాక్స్‌లో ప్రొఫైళ్లే కాక, ఒకే విండోలో ఒక్కో ట్యాబ్‌ను ఒక్కో అకౌంట్‌కు కేటాయించే కంటైనర్ల ఎక్స్‌టెన్షన్ ఉంది. దాన్ని ఫైర్‌ఫాక్స్ తయారుచేసే మొజిల్లానే ఇస్తుంది. చాలా మంచి సాధనం.

ప్రొఫైళ్లు కట్టుకున్నాక కూడా ఒక చోట తడబడతాం. వాట్సాప్ యాప్‌లోనో అవుట్‌లుక్‌లోనో వచ్చిన లింకు నొక్కితే, అది చివరిసారి వాడిన ప్రొఫైల్ విండోలో తెరుచుకుంటుంది. అప్పటిదాకా ఆఫీసు విండోలో పని చేస్తుంటే, పాప క్లాసు లింకు ఆఫీసు విండోలోకే పోతుంది. అందుకని ముందు కావలసిన ప్రొఫైల్ విండో మీద ఒకసారి క్లిక్ చేసి, తర్వాత లింకు నొక్కండి. లేదా లింకును కాపీ చేసి సరైన విండోలో పేస్ట్ చేయండి. లింకు క్రోమ్‌లోనే కనిపిస్తుంటే, దాని మీద రైట్ క్లిక్ చేసినప్పుడు వేరే ప్రొఫైల్ పేరుతో తెరిచే ఎంపిక కూడా వస్తుంది. అది తెలిశాక నేను లింకులు కాపీ చేయడం చాలావరకు మానేశాను.

హిస్టరీ దాచుకోని ఇన్‌కాగ్నిటో విండో గురించి చాలామంది అడుగుతారు. ఒక్కసారి పనికి బాగానే ఉంటుంది. విండోలన్నీ మూసేయగానే లాగిన్ కూడా పోతుంది. కానీ రెండు ఇన్‌కాగ్నిటో విండోలు తెరిచి రెండు అకౌంట్లు నడపవచ్చు అనుకోవద్దు. తెరిచి ఉన్న ఇన్‌కాగ్నిటో విండోలన్నిటికీ లాగిన్లు ఉమ్మడే.

ఫోన్‌లో

మీట్ యాప్‌లో కుడివైపు పైన మీ ఫొటో ఉంటుంది. దాన్ని తాకితే ఫోన్‌లో ఉన్న గూగుల్ అకౌంట్లు కనిపిస్తాయి. కావలసినది తాకితే చాలు, యాప్ ఆ అకౌంట్‌కు మారిపోతుంది. వాట్సాప్‌లో లింకు నొక్కే ముందే మీట్ యాప్ తెరిచి అకౌంట్ మార్చుకోవడం నా అలవాటు. లింకు నొక్కాక హడావిడిగా వెతకడం కన్నా ఇది నయం.

ఆఫీసు అకౌంట్‌ను సొంత ఫోన్‌లో జోడించే ముందు మాత్రం ఒక్క నిమిషం ఆగండి. కొన్ని సంస్థలు తమ అకౌంట్ ఉన్న ఫోన్ మీద నియమాలు పెడతాయి. స్క్రీన్ లాక్ తప్పనిసరి చేయడం, తమ డేటాను దూరం నుంచే చెరిపే అధికారం ఉంచుకోవడం లాంటివి. జోడించేటప్పుడు తెరమీద వచ్చే మాటలు చదివి, అర్థం కాకపోతే మీ ఆఫీసులో ఐటీ వాళ్లను అడగండి. ఆండ్రాయిడ్‌లో వర్క్ ప్రొఫైల్ ఇచ్చే సంస్థ అయితే మీ అదృష్టం. ఆఫీసు యాప్‌ల మీద చిన్న బ్రీఫ్‌కేసు గుర్తు పడుతుంది, సొంత యాప్‌లతో కలవవు.

జూమ్ సంగతి వేరు

జూమ్‌లో చాలామంది లింకు నొక్కి, పేరు టైపు చేసి వెళ్లిపోతారు. అకౌంట్ లేకుండానే పని జరిగిపోతుంది. అందుకే అకౌంట్ అవసరమైన రోజున తికమకపడతారు. అవసరమయ్యేది ముఖ్యంగా రెండు సందర్భాల్లో.

మొదటిది, మీటింగ్ పెట్టింది మీరే అయినప్పుడు. ఏ అకౌంట్‌తో మీటింగ్ షెడ్యూల్ చేశారో అదే అకౌంట్‌తో లాగిన్ అయి ఉంటేనే హోస్ట్‌గా మొదలుపెట్టగలరు. వేరే అకౌంట్‌తో వస్తే హోస్ట్ కోసం ఎదురుచూస్తున్నాం అన్న తెర వస్తుంది. ముప్పైమంది పిల్లలు బయట ఆగి ఉంటారు, టీచర్ కూడా వాళ్లతోపాటే ఆగి ఉంటారు. ఆ తెరమీదే హోస్ట్ అయితే సైన్ ఇన్ అవ్వమని ఉంటుంది. అక్కడ సరైన అకౌంట్ ఇవ్వండి.

రెండోది, లాగిన్ అయినవాళ్లనే, అందులోనూ ఫలానా సంస్థ మెయిల్ ఉన్నవాళ్లనే రానిచ్చేలా హోస్ట్ పెట్టినప్పుడు. అప్పుడు అనుమతి ఉన్నవాళ్లకు మాత్రమే అన్న సందేశంతో పాటు, అకౌంట్ మార్చి చేరడానికి బటన్ కూడా వస్తుంది.

కంప్యూటర్‌లోని జూమ్ యాప్‌లో కుడివైపు పైన మీ ఫొటో నొక్కితే, తెరుచుకునే జాబితాలో "స్విచ్ అకౌంట్" కనిపిస్తుంది. అది కనిపించకపోతే అక్కడే "సైన్ అవుట్" నొక్కి రెండో అకౌంట్‌తో లాగిన్ అవ్వండి. లాగిన్ తెరమీద గూగుల్, యాపిల్, ఎస్‌ఎస్‌ఓ (ఆఫీసు లాగిన్‌తోనే వేరే యాప్‌లలోకీ వెళ్లే పద్ధతి) లాంటి బటన్లు ఉంటాయి. ఆఫీసు జూమ్ అయితే చాలావరకు ఎస్‌ఎస్‌ఓ. అక్కడ కంపెనీ డొమైన్ పేరు అడుగుతుంది. ఏ అకౌంట్‌కు ఏ బటన్ అన్నది ఒక కాగితం మీద రాసి పెట్టుకోండి. పాస్‌వర్డ్ రాయవద్దు, బటన్ పేరు ఒక్కటే చాలు. మీటింగ్ టైముకు ఆ చీటీ ఎంత పనికొస్తుందో ఒకసారి ఇరుక్కున్నవాళ్లకు తెలుస్తుంది.

ఒకేసారి రెండు జూమ్ అకౌంట్లు కావాలంటే, ఒకటి యాప్‌లో, రెండోది బ్రౌజర్‌లో పెట్టుకోండి. లింకు నొక్కినప్పుడు వచ్చే పేజీలో కింద బ్రౌజర్ నుంచే చేరే లింకు చిన్న అక్షరాల్లో ఉంటుంది. హోస్ట్ దాన్ని ఆపేసి ఉండకపోతే అది పని చేస్తుంది. ఇక్కడ కూడా క్రోమ్ ప్రొఫైళ్లు అక్కరకొస్తాయి.

ఒకే జూమ్ అకౌంట్‌ను నలుగురు టీచర్లు పంచుకునే చోట్ల తరచూ ఒక ఫిర్యాదు వింటాను, "నేను క్లాసు చెబుతుంటే నన్ను బయటకు నెట్టేసింది" అని. అది నెట్ తప్పు కాదు. ఒక జూమ్ అకౌంట్ ఒకే సమయంలో ఒక కంప్యూటర్, ఒక ట్యాబ్లెట్, ఒక ఫోన్‌లో మాత్రమే లాగిన్ అయి ఉండగలదు. రెండో కంప్యూటర్‌లో ఇంకొకరు లాగిన్ అయితే మొదటి కంప్యూటర్ సైన్ అవుట్ అవుతుంది.

టీమ్స్‌లో ఈ బాధ తక్కువ. 2023లో వచ్చిన కొత్త టీమ్స్ యాప్‌లో ఒకటికి మించి అకౌంట్లు ఒకేసారి జోడించుకోవచ్చు. కుడివైపు పైన ఫొటో నొక్కి మారిపోవచ్చు, మరో అకౌంట్‌కు వచ్చే నోటిఫికేషన్లు కూడా అందుతాయి. 2025 మేలో స్కైప్ మూతపడ్డాక సొంత టీమ్స్ అకౌంట్‌లోకి వచ్చినవాళ్లకు, ఆఫీసు టీమ్స్‌తో పాటు దాన్నీ పక్కన పెట్టుకోవడానికి ఇదే దారి.

మీటింగ్ మధ్యలో అకౌంట్ మార్చాల్సి వస్తే

నడుస్తున్న మీటింగ్‌లో ఉండగానే అకౌంట్ మారదు. బయటకొచ్చి, మార్చుకుని, మళ్లీ వెళ్లాలి. మామూలు సభ్యులైతే ఇబ్బంది లేదు. హోస్ట్ అయితే ముందు రెండో అకౌంట్‌ను లోపలికి తెచ్చుకోండి. ఫోన్ నుంచి రెండో అకౌంట్‌తో చేరండి. చేరే ముందే ఫోన్ మైకు, స్పీకరు రెండూ ఆపండి. లేకపోతే పక్కపక్కనే ఉన్న రెండు పరికరాల మధ్య చెవులు చిల్లులు పడే కూత మొదలవుతుంది. జూమ్‌లో అయితే పార్టిసిపెంట్ల జాబితాలో ఆ రెండో పేరు పక్కన "మేక్ హోస్ట్" నొక్కి బాధ్యత అప్పగించి, అప్పుడు మొదటి అకౌంట్‌తో బయటకు రండి. "లీవ్", "ఎండ్ మీటింగ్ ఫర్ ఆల్" పక్కపక్కనే ఉంటాయి, జాగ్రత్త.

బయటకొచ్చే ముందు చాట్‌లోని ముఖ్యమైన లింకులు, నంబర్లు కాపీ చేసుకోండి. మళ్లీ చేరినప్పుడు పాత చాట్ సాధారణంగా కనిపించదు.

చాలాసార్లు నిజంగా మార్చాల్సింది పేరు మాత్రమే. జూమ్‌లో పేరు మీద "రీనేమ్" నొక్కితే ఆ మీటింగ్ వరకు మారుతుంది, హోస్ట్ ఒప్పుకుంటే. నాన్న ఫోన్‌లో క్లాసు వినే అమ్మాయి తన పేరు, రోల్ నంబరు అలా పెట్టుకుంటే హాజరు దగ్గర ఇబ్బంది రాదు. మీట్‌లో లాగిన్ అయి ఉన్నప్పుడు ఆ వీలు లేదు. గూగుల్ అకౌంట్‌లో ఉన్న పేరే కనిపిస్తుంది. దాన్ని మారిస్తే మీ జీమెయిల్ ఉత్తరాల మీద కూడా పేరు మారుతుంది, అందుకని ఒక్క క్లాసు కోసం దాని జోలికి పోవద్దు.

మీటింగ్ పెట్టే ముందే అకౌంట్ ఎంచుకోండి

ఇది చాలామంది చివర్లో గమనించే సంగతి. ఎంతసేపు మాట్లాడవచ్చు, రికార్డింగ్ ఎక్కడికి పోతుంది అన్నవి మీటింగ్ పెట్టిన అకౌంట్‌ను బట్టి ఉంటాయి. ఉచిత జూమ్ అకౌంట్‌తో పెడితే 40 నిమిషాలకు మీటింగ్ ఆగిపోతుంది. ఉచిత గూగుల్ అకౌంట్‌తో మీట్ పెడితే, ముగ్గురు లేదా అంతకంటే ఎక్కువమంది ఉన్నప్పుడు 60 నిమిషాలే. ఇద్దరే మాట్లాడుకుంటే మాత్రం 24 గంటల దాకా వీలుంటుంది. ఆఫీసుకో బడికో డబ్బు కట్టిన అకౌంట్ ఉండి, మీరు పొరపాటున సొంత అకౌంట్‌తో షెడ్యూల్ చేస్తే, మీరు తర్వాత ఆ పెద్ద అకౌంట్‌తో చేరినా గడువు పెరగదు.

మీట్ రికార్డింగ్ కూడా మీటింగ్ పెట్టినవాళ్ల డ్రైవ్‌లో "మీట్ రికార్డింగ్స్" అన్న ఫోల్డర్‌లో చేరుతుంది. ఇంటర్వ్యూలు తీసుకునేవాళ్లు, డాక్టర్లు, పిల్లల పాఠాలు రికార్డు చేసే టీచర్లు ఇది గుర్తుపెట్టుకోవాలి. పిల్లల ముఖాలు ఉన్న వీడియో ఎవరో ఒకరి సొంత డ్రైవ్‌లో మిగిలిపోకూడదు.

గూగుల్ క్యాలెండర్‌లో కొత్త ఈవెంట్ రాసేటప్పుడు ఏ క్యాలెండర్ కిందకు పోతుందో అక్కడే చూపిస్తుంది. సేవ్ నొక్కే ముందు ఆ పేరు చూడండి. ఆహ్వానాలు వెళ్లిపోయాక మార్చితే, జనం చేతిలో రెండు లింకులు మిగిలి సగంమంది పాత గదిలోకి పోతారు.

స్క్రీన్ చూపించేటప్పుడు కూడా ఒకే బ్రౌజర్‌లో అన్ని అకౌంట్లు ఉంటే చిక్కే. మొత్తం తెర షేర్ చేస్తే, మధ్యలో సొంత మెయిల్ నోటిఫికేషన్, బ్యాంకు సందేశం అందరికీ కనిపిస్తాయి. మీట్‌లో ఒక్క ట్యాబ్‌నే షేర్ చేసే ఎంపిక ఉంది. నేను ఎప్పుడూ అదే వాడతాను.

మన కంప్యూటర్ కానప్పుడు

ఊరికి వెళ్లినప్పుడు బావగారి ల్యాప్‌టాప్‌లోనో నెట్ సెంటర్‌లోనో ఇంటర్వ్యూకు కూర్చోవాల్సి వస్తుంది. అక్కడ ఎవరి ప్రొఫైల్‌లోనూ మీ అకౌంట్ జోడించవద్దు. క్రోమ్‌లో ప్రొఫైల్ బొమ్మ నొక్కితే "గెస్ట్" అనే ఎంపిక ఉంటుంది. దాన్ని తెరిచి లాగిన్ అవ్వండి. పని అయ్యాక గెస్ట్ విండోలన్నీ మూసేస్తే మీ లాగిన్, హిస్టరీ ఆ కంప్యూటర్‌లో మిగలవు. మీటింగ్‌లో దిగిన ఫైళ్లు మాత్రం డౌన్‌లోడ్స్ ఫోల్డర్‌లో ఉండిపోతాయి, వాటిని చేత్తో తీసేయాలి.

మూయడం మరిచి బస్సెక్కేశారా? ఫోన్‌లో మీ గూగుల్ అకౌంట్ సెట్టింగుల్లో సెక్యూరిటీ విభాగానికి వెళ్లండి. మీ అకౌంట్ ఏయే పరికరాల్లో తెరిచి ఉందో జాబితా ఉంటుంది. ఆ కంప్యూటర్‌ను ఎంచుకుని సైన్ అవుట్ నొక్కితే, అక్కడ మీ అకౌంట్ నుంచి సైన్ అవుట్ అయిపోతుంది.